అటక మీది తాటాకు కట్టలను డిజిటల్ రూపంలోకి తేవడం: కెమెరాకు ముందూ, తరువాతా చేయవలసినవి

మీ ప్రశ్న సారాంశం ఇది: కోనసీమలోని మీ తాతగారి పెంకుటిల్లు విప్పుతుండగా అటక మీద చెక్కల మధ్య బిగించిన పదకొండు తాటాకు కట్టలు బయటపడ్డాయి. వాటిలో ఏముందో ఇంట్లో ఎవరూ చదవలేకపోతున్నారు. ఏ స్కానరు కొనాలి, ఫోనుతో తీస్తే సరిపోదా, తీసినవాటిని అందరూ చూసేలా అంతర్జాలంలో ఎలా పెట్టాలి అని అడిగారు. ఇరవయ్యేళ్లకు పైగా తాళపత్రాల సూచీపత్రాలు (గ్రంథాల వివరాల జాబితాలు) తయారుచేయడంలోనూ, తరువాత వాటిని డిజిటలీకరించడంలోనూ గడిపినవాడిని. అయితే నా సమాధానం మీరు అడిగిన వరుసలో ఉండదు. స్కానరు సంగతి మధ్యలో ఎక్కడో వస్తుంది. కెమెరా నాసిరకం కావడం వల్ల పాడైపోయిన తాళపత్ర సేకరణను నేను ఇంతవరకు చూడలేదు. ఏ చిత్రం ఏ పత్రానిదో, ఏ పత్రం ఏ కట్టలోదో, ఆ కట్ట ఏ ఇంటిదో రాసిపెట్టకపోవడం వల్ల పనికిరాకుండా పోయిన సేకరణలను మాత్రం చాలా చూశాను.

కట్టలను ఇంకా విప్పకపోతే ఇప్పుడే విప్పకండి. ఇప్పటికే విప్పి ఉంటే పత్రాల వరుసను సరిచేయాలని ప్రయత్నించకండి, ఎలా ఉన్నవాటిని అలాగే ఉంచండి. ముందుగా ప్రతి కట్టకూ ఒక అంకె ఇచ్చి, ఆ అంకె రాసిన చీటీని పక్కన పెట్టి, అన్ని వైపులనుంచీ ఫొటో తీయండి. పై చెక్క, కింది చెక్క, దారం, చుట్టిన గుడ్డ, చివరకు గుడ్డలో దొరికిన ఎండు వేపాకు కూడా ఆ కట్ట చరిత్రలో భాగమే. అటక మీద ఏ కట్ట పక్కన ఏ కట్ట ఉన్నదో గుర్తుంటే అదీ రాయండి. ఒకే కావ్యం రెండు కట్టలుగా ఉన్నప్పుడు వాటిని పక్కపక్కనే ఉంచేవారు. ఆ పొరుగుతనం ఒకసారి చెదిరితే తిరిగి తెలుసుకోవడం కష్టం.

పత్రాలను శుభ్రం చేయాలన్న తొందర సహజమే కానీ, శుభ్రం చేయకముందు ఒకసారి, చేసిన తరువాత మరొకసారి చిత్రం తీయడం మా పద్ధతి. తాటాకు మీద తెలుగువారు రాసింది సిరాతో కాదు. గంటం అనే ఇనుప మొనతో అక్షరాన్ని గీసి, ఆ గీతలో దీపపు మసినీ ఆకు పసరునూ రుద్ది, పైన మిగిలిన నలుపును తుడిచేసేవారు. అందువల్ల మసి రాలిపోయిన పత్రం చూడటానికి ఖాళీగా కనిపిస్తుంది కానీ, దీపాన్ని పక్కనుంచి వాలుగా పడేలా పట్టుకుంటే అక్షరాలు నీడలుగా లేచి కనిపిస్తాయి. ఏ పత్రాన్నీ ఖాళీ అనుకుని పక్కన పడేయకండి. దుమ్మును మెత్తని పొడి కుంచెతో, పత్రం పొడవునా ఒకే దిశలో తుడవండి. చేతులు కడుక్కుని బాగా ఆరబెట్టుకుంటే చాలు. నూలు చేతితొడుగులు వేసుకుంటే వాటి పోగులు పత్రం అంచుల చీలికల్లో చిక్కుకుని ముక్కలను ఊడబెరుకుతాయి. ఒకదానికొకటి అంటుకుపోయిన పత్రాలను గోటితో గానీ కత్తితో గానీ విడదీయకండి. అది శిక్షణ పొందిన సంరక్షకుల పని.

పాత లేఖకులు గ్రంథం చివర ఒక శ్లోకం రాసే ఆచారం ఉంది: తైలాద్రక్షేత్, జలాద్రక్షేత్, రక్షేత్ శిథిలబంధనాత్, మూర్ఖహస్తే న దాతవ్యం, ఏవం వదతి పుస్తకమ్. నూనెనుంచి, నీటినుంచి, వదులైన కట్టునుంచి కాపాడమని, తెలియనివారి చేతికి ఇవ్వవద్దని పుస్తకమే చెబుతున్నట్లుగా ఉన్న ఈ మాటలు సంరక్షణ శాస్త్రం ఈనాటికీ ఒప్పుకునేవే. కట్టు వదులైతే పత్రాలు వంకర తిరుగుతాయి, మధ్యలో పురుగు చేరుతుంది. నూనె విషయంలో చాలామంది పొరబడతారు. కొబ్బరినూనె, నువ్వుల నూనె వంటివి ఆకుకు మెరుపు తెచ్చినట్లు కనిపించి కొన్నాళ్లకు జిగటగా మారి దుమ్మును పట్టుకుంటాయి. గ్రంథాలయాలలో వాడేది నిమ్మగడ్డి నూనె. అది త్వరగా ఆవిరైపోతుంది, ఆకుకు కాస్త మెత్తదనాన్నిస్తుంది, దాని వాసన పురుగులకు పడదు. దానినైనా పెళుసుబారిన పత్రాల మీద మీరే ప్రయోగించవద్దు. పగిలిన పత్రానికి సెల్లోటేపు అంటించడం, లామినేషన్ చేయించడం, పెన్నుతో అంకెలు వేయడం అన్నవి తిరిగి సరిదిద్దలేని పనులు.

ఇక అసలైన పని పత్రసంఖ్యల దగ్గర మొదలవుతుంది. సాధారణంగా పత్రం ముందువైపు ఎడమ అంచులో తెలుగు అంకెల్లో సంఖ్య ఉంటుంది, వెనుకవైపు ఉండదు. ప్రతి పత్రానికీ మీరు రెండు సంఖ్యలు రాసుకోవాలి: కట్టలో అది ఇప్పుడు ఎన్నవదిగా ఉన్నది అన్నది ఒకటి, దాని మీద లేఖకుడు వేసిన సంఖ్య ఏమిటన్నది రెండోది. ఈ రెండూ చాలా చోట్ల కలవవు. కలవని చోటే విషయం ఉంటుంది, ఎందుకంటే అక్కడ ఒక పత్రం పోయి ఉండవచ్చు, వేరే గ్రంథపు పత్రం వచ్చి చేరి ఉండవచ్చు, లేదా పాడైన పత్రాన్ని తరువాతి తరంలో ఎవరో తిరగరాసి పెట్టి ఉండవచ్చు. నేను పనిచేసిన ఒకచోట, పేరు చెప్పను, ఒకే కొలత పత్రాలున్న మూడు కట్టలను ఒకే బల్ల మీద విప్పి, చకచకా చిత్రాలు తీసి, కెమెరా ఇచ్చిన అంకెలతోనే దాచిపెట్టి, పత్రాలను చేతికందిన వరుసలో తిరిగి కట్టేశారు. రెండేళ్ల తరువాత ఆ పని నా దగ్గరకు వచ్చింది. మూడు గ్రంథాలలో ఒకదానికి పత్రసంఖ్యలు అరిగిపోయి ఉన్నాయి. లేఖకుల చేతిరాతలను, పద్యాల ప్రాసలను, కథాక్రమాన్ని పట్టుకుని నేనూ మరొక పండితుడూ నాలుగు నెలలు కూర్చున్నాం. అయినా పదిహేడు పత్రాలు ఏ కథలో ఎక్కడ ఇమడాలో తేలలేదు, నేటికీ అవి విడిగానే ఉన్నాయి. ఆ రోజు ప్రతి చిత్రానికీ పేరు పెట్టడానికి అరనిమిషం వెచ్చించి ఉంటే ఆ పదిహేడు పత్రాలూ తమ చోట ఉండేవి.

అందుకని చిత్రాల దస్త్రాల (ఫైళ్ల) పేర్లను ముందే నిర్ణయించుకోండి. ఊరికి ఒక సంకేతం, కట్ట సంఖ్య, కట్టలో పత్రం స్థానం, ముందువైపా వెనుకవైపా అన్న గుర్తు, ఇదే వరుసలో ప్రతి పేరులోనూ ఉండాలి. అంకెలను 1, 2 అని కాకుండా 001, 002 అని మూడు స్థానాలతో రాస్తే కంప్యూటరు వరుస తప్పదు. పేర్లకు ఇంగ్లీషు అక్షరాలే వాడండి. తెలుగు మీద ప్రేమ తగ్గి ఈ మాట చెప్పడం లేదు. ఒక యంత్రం నుంచి మరొక యంత్రానికి మారేటప్పుడు తెలుగు పేర్లు చెడిపోవడం నేను చాలాసార్లు చూశాను. తెలుగు వివరాలన్నీ పక్కన ఉండే పట్టికలో రాయాలి.

ఆ పట్టికలో ఏమి ఉండాలన్న దాని గురించి పెద్ద ప్రమాణాలే ఉన్నాయి కానీ, మీ ఇంటి స్థాయికి ఇవి చాలు: కట్ట సంఖ్య, పత్రాల సంఖ్య, పత్రం పొడవు వెడల్పులు, రంధ్రాలు ఎన్ని, పుటకు ఎన్ని పంక్తులు, లిపి, భాష, మొదటి పంక్తి, చివరి పంక్తి, ఎక్కడెక్కడ శిథిలమైంది, కట్ట ఎవరి వంశంలో ఏ ఊరి నుంచి వచ్చింది. పేరు తెలియకపోతే ఖాళీగా వదిలేయండి కానీ ఊహించి రాయకండి. తప్పు పేరుతో సూచీపత్రంలోకి ఎక్కిన గ్రంథాన్ని వెతుక్కునేవాడు ఎన్నడూ చేరుకోలేడు. లిపి తెలుగైనంత మాత్రాన భాష తెలుగని అనుకోవద్దు. మన ఇళ్లలోని తెలుగు లిపి కట్టల్లో సంస్కృత గ్రంథాలు ఎన్నో ఉంటాయి. జ్యోతిషం, వైద్యం, ధర్మశాస్త్రం, పూజావిధానం, మధ్యలో ఇంటి ఖర్చుల లెక్కలు కూడా ఒకే కట్టలో కనిపిస్తాయి. ఆ లెక్కల పత్రాలను చిత్తుగా భావించకండి, ఆ ఊరి ధరలూ కొలతలూ నాణేలూ తెలిసేది వాటివల్లనే.

చివరి పత్రాన్ని ప్రత్యేకంగా చూడండి. కావ్యంలో ఆశ్వాసం (అధ్యాయం) ముగిసినచోట కవి తన పేరు చెప్పుకునే గద్య ఉంటుంది. గ్రంథం ముగిసినచోట లేఖకుని మాట ఉంటుంది: ఫలానా సంవత్సరం, ఫలానా మాసం, తిథి, వారం నాడు ఫలానావారి కుమారుడు ఫలానావాడు ఈ ప్రతిని రాసి ముగించెను అని. ఇక్కడొక చిక్కుంది. సంవత్సరాన్ని అరవై పేర్ల చక్రంలోనే చెప్పి శక సంవత్సరం వేయకపోతే, ఉదాహరణకు శుభకృతు అంటే 1782 కావచ్చు, 1842 కావచ్చు, 1902 కావచ్చు. మాసం, తిథి, వారం మూడూ రాసి ఉంటే అవి కలిసే సంవత్సరం ఏదో లెక్క కట్టవచ్చు. స్వామికన్ను పిళ్లై గారు తయారుచేసిన పంచాంగ పట్టికలు ఒకప్పుడు దీనికి ఆధారం, ఇప్పుడు అదే లెక్కను కంప్యూటరు క్షణంలో చేస్తుంది. ఆ లెక్కకు కావలసిన నాలుగు మాటలు మాత్రం పత్రం మీద నుంచి ఎవరో ఒకరు సరిగా చదివి ఇవ్వాలి. ఆ సంవత్సరం కవిది కాదు, ప్రతిది అన్న భేదాన్ని కూడా పట్టికలో స్పష్టంగా రాయాలి. పదహారో శతాబ్దపు కావ్యానికి పంతొమ్మిదో శతాబ్దపు ప్రతి ఉండటం అరుదేమీ కాదు.

ఇప్పుడు పరికరాల సంగతి. పత్రాన్ని గాజు మీద పెట్టి పైన మూత బిగించే బల్లస్కానరు వద్దు. వంగిన ఆకు ఆ ఒత్తిడికి విరుగుతుంది. పైనుంచి నిలువుగా చూసే కెమెరా, దాన్ని కదలకుండా పట్టే నిలువు కడ్డీ స్టాండు, చెరొకవైపు నుంచి 45 డిగ్రీల కోణంలో వెలుగునిచ్చే రెండు ఎల్‌ఈడీ దీపాలు, నల్లని లేదా బూడిదరంగు మెరుపులేని గుడ్డ, అంత ఉంటే చాలు. ప్రతి చిత్రంలోనూ సెంటీమీటర్ల కొలబద్ద, రంగుల పట్టీ ఉండాలి. ఆ రెండూ లేకపోతే రేపు చూసేవాడికి పత్రం ఎంత పొడవో, ఆకు నిజమైన రంగేమిటో తెలియదు. మసి లేని పత్రాలకు ఒక దీపాన్ని ఆర్పి, రెండో దీపాన్ని పత్రానికి దాదాపు సమాంతరంగా దించి మరొక చిత్రం తీయండి.

స్పష్టత ఎంత కావాలన్నది లెక్కవేసుకుని తెలుసుకోవాలి. 24 మెగాపిక్సెళ్ల కెమెరా చిత్రం అడ్డంగా 6000 చుక్కలు (పిక్సెళ్లు) ఉంటుంది. 40 సెంటీమీటర్ల పత్రాన్ని అటూఇటూ కాస్త చోటు వదిలి 45 సెంటీమీటర్ల చట్రంలో తీస్తే అంగుళానికి సుమారు 340 చుక్కలే పడతాయి. చదువుకోవడానికి అది చాలు, కానీ గంటపు గీత లోతును, చీలికనూ గీతనూ వేరుచేసి చూడటానికి చాలదు. నేను అంగుళానికి 600కు తగ్గనివ్వను. దానికి ఖరీదైన కెమెరా అక్కరలేదు. పత్రాన్ని రెండు సగాలుగా, మధ్యలో కొంత భాగం రెండింటిలోనూ పడేలా, ఒక్కొక్క చట్రంలో 24 సెంటీమీటర్ల చొప్పున తీస్తే 600 దాటుతుంది. పత్రమూ కొలబద్దా ఉన్న పట్టీ వరకు కత్తిరించి, కుదించని టిఫ్ రూపంలో దాచితే ఒక్కొక్క సగం 36 మెగాబైట్లు, ఒక పుట 72 మెగాబైట్లు అవుతుంది. కట్టకు 150 పత్రాలనుకుంటే 300 పుటలకు 21.6 గిగాబైట్లు, పదకొండు కట్టలకు 240 గిగాబైట్ల లోపు. ఇది ఈ రోజుల్లో చిన్న హార్డ్ డిస్కులో పట్టే పరిమాణమే కనుక, స్థలం ఆదా చేయడానికి నాణ్యతను తగ్గించవలసిన అవసరం లేదు. అంతర్జాలంలో పెట్టడానికి చిన్న జేపెగ్ చిత్రాలను ఆ మూలచిత్రాల నుంచి వేరుగా తయారుచేసుకోవాలి.

ఫోను గురించి అడిగారు కనుక చెబుతున్నాను. పూర్తిగా పనికిరాదని అనను. పట్టిక తయారుచేయడానికి, ఎవరికైనా చూపి ఇదేమిటని అడగడానికి ఫోను చిత్రం చక్కగా సరిపోతుంది. భద్రపరచే ప్రతికి మాత్రం దాన్ని నమ్మలేం. నేటి ఫోన్లు చిత్రాన్ని తమంతట తాము నునుపుచేసి అంచులకు పదును పెడతాయి, మసకగా ఉన్నచోట తామే ఒక రూపాన్ని ఊహిస్తాయి. పురుగు తిన్న రంధ్రం పక్కన మిగిలిన అక్షరపు కొసను కూడా ఈ యంత్రం సొగసు కోసం చెరిపేస్తే, ఆ కొసతోనే పాఠాన్ని నిర్ణయించవలసిన పరిష్కర్తకు ఇక ఆధారం ఉండదు. చిత్రాలను మెరుగుపరచి పోయిన అక్షరాలను నింపే కృత్రిమ మేధ పరికరాల విషయంలో నా అభిప్రాయం మరింత కఠినమైనది. వాటి ఫలితాన్ని మూలచిత్రంగా దాచడమంటే కొత్త గ్రంథాన్ని పాతదని చెప్పడమే. పరిశోధన కోసం వాడితే వేరే దస్త్రంగా, ఇది యంత్రం ఊహించినది అన్న మాటతో మాత్రమే ఉంచాలి.

చిత్రాల తరువాత పాఠం. చిత్రంలోని అచ్చు తెలుగును చదివి టైపు పాఠంగా మార్చే ఓసీఆర్ ఇప్పుడు బాగానే పనిచేస్తున్నది కానీ, తాళపత్రాన్ని దానికి అప్పగిస్తే చేతికి వచ్చేది చదవదగినదిగా ఉండదు. పత్రం మీద పదాల మధ్య ఎడం ఉండదు, పద్యం పాదాలుగా విరగదు, పంక్తి చివర పదం ఎక్కడ పడితే అక్కడ తెగుతుంది. చాలా ప్రతులలో ఎ, ఏల గుర్తులకు గానీ ఒ, ఓల గుర్తులకు గానీ భేదం చూపరు. ఒత్తక్షరానికి కింద ఉండవలసిన ఒత్తును వదిలేయడం వల్ల ద, ధలు ఒక్కలాగే ఉంటాయి. రేఫను వలపలగిలకగా, అంటే తరువాతి అక్షరానికి కుడివైపున గుర్తుగా రాస్తారు. చేతిరాతను నేర్చుకునే కొత్త సాధనాలకు ఒక లేఖకుని పత్రాలు కొన్ని పదులు మనం చదివి ఇస్తే, అదే లేఖకుని మిగతా పత్రాలను కొంతవరకు చదవగలుగుతాయి. ఆ మొదటి పదుల పత్రాలను మనిషే చదవాలి.

అలా చదివేటప్పుడు తెలుగు పద్యం మనకు చేసే సహాయం ఇంతా అంతా కాదు. వృత్తాలలోనూ కందంలోనూ పాదానికి రెండో అక్షరం ప్రాస కనుక నాలుగు పాదాలలో ఒకదానిలో ఆ అక్షరం పురుగు తిన్నా మిగతా మూడు చెబుతాయి. ఉత్పలమాలలో పదో అక్షరం, చంపకమాలలో పదకొండోది, శార్దూలంలో పదమూడోది, మత్తేభంలో పద్నాలుగోది యతిస్థానం కనుక అక్కడ పోయిన హల్లు ఏ వర్గానిదో పాదపు మొదటి అక్షరం చెబుతుంది. గుర్తులో హ్రస్వమో దీర్ఘమో తెలియని ఎకారాన్ని గణం తేల్చేస్తుంది. ఛందస్సును పరీక్షించే తెలుగు సాధనాలు ఇప్పుడు ఉచితంగా దొరుకుతున్నాయి. పాఠాన్ని టైపు చేసి వాటికి ఇస్తే, గణం తప్పిన చోటల్లా ఒకటికి రెండుసార్లు చిత్రాన్ని చూసుకోవచ్చు. గణం కుదరలేదు కదా అని పాఠాన్ని దిద్దకూడదు. లేఖకుడు తప్పు రాసి ఉంటే తప్పునే ఎక్కించి, మన సవరణను పక్కన వేరుగా చూపాలి. పాఠాంతరాలను పోల్చి గ్రంథాన్ని పరిష్కరించే పని వేరు, ఉన్నదాన్ని ఉన్నట్లు ఎక్కించే పని వేరు. సి. పి. బ్రౌన్ దొర తన పండితుల చేత ఒక్కొక్క కావ్యానికి అనేక ప్రతులు సేకరింపజేసి, పోల్పించి, కాగితాల మీద శుద్ధప్రతులు రాయించాడు. మూలప్రతులు కూడా మిగిలాయి కనుకనే ఆ శుద్ధప్రతులు ఎంతవరకు శుద్ధమో ఇవాళ మనం విచారించగలుగుతున్నాం.

టైపు చేయడానికి, ఏ యంత్రంలోనైనా ఒకేలా తెరుచుకునే అక్షర సంకేత పద్ధతి అయిన యూనికోడ్ తప్ప మరేదీ వాడకండి. ఒకప్పుడు అచ్చుపనికి వాడే ఫాంట్లలో మేము కూర్చిన సూచీపత్రాలు, ఆ ఫాంటు లేని యంత్రంలో తెరిస్తే అర్థంలేని గుర్తులుగా మారిపోయాయి. వాటిని తిరిగి మార్చడానికి చాలా శ్రమ పడ్డాం. అరసున్న, బండి ఱ యూనికోడ్‌లో మొదటినుంచీ ఉన్నవే. దంత్యమైన ౘ, ౙలూ పాత లెక్కల్లోని భిన్నాంకెలూ 2008లో వచ్చాయి, నకారపొల్లు (అచ్చు లేని న్‌కు పాత గుర్తు) 2021లో చేరింది. మీ ఇంటి లెక్కల పత్రాలను కూడా ఉన్నది ఉన్నట్లు ఎక్కించగల స్థితి ఇప్పుడు ఉన్నది.

దాచడం గురించి. మన వాతావరణంలో తాటాకు రెండు మూడు వందల ఏళ్లకు శిథిలమవుతుందని పూర్వులకు తెలుసు. అందుకే ప్రతి కొన్ని తరాలకు ఒకరు కూర్చుని పాత పత్రాలను చూసి కొత్త పత్రాల మీద రాసేవారు. మన చేతికి నన్నయ గారి మాటలు వచ్చింది ఆయన కాలపు ఆకుల మీద కాదు, ఇలా తిరగరాసిన ప్రతుల మీదుగా. డిజిటల్ ప్రతికీ ఇదే నియమం వర్తిస్తుంది, వ్యవధి మాత్రం ఎంతో తక్కువ. రెండు వేల సంవత్సరం తరువాత మొదటి ఏళ్లలో మేము సీడీలలో దాచిన చిత్రాలను పదేళ్లకే తెరవబోతే కొన్ని తెరుచుకోలేదు. అప్పుడు పోయినవాటిలో కొన్నింటి మూలపత్రాలు కూడా ఈలోగా చెదల పాలయ్యాయి, అందుకని ఆ గ్రంథాలు ఇక లేవు. కనీసం మూడు ప్రతులు ఉండాలి, అవి రెండు రకాల సాధనాల మీద ఉండాలి, ఒకటి వేరే ఊళ్లో ఉండాలి. హైదరాబాదులో ఒక డిస్కు, అమెరికాలో ఉన్న మీ బంధువుల ఇంట్లో ఒక డిస్కు, క్లౌడ్‌లో ఒకటి అనుకుంటే సరిపోతుంది. ఐదారేళ్లకొకసారి కొత్త డిస్కుకు మార్చాలి. ప్రతి దస్త్రానికీ చెక్‌సమ్ అనే అంకెను మొదటిరోజే లెక్కించి రాసిపెట్టుకుంటే, తరువాత ఎప్పుడు లెక్కించినా అదే అంకె రావాలి. రాకపోతే ఆ దస్త్రం చెడిందని తెలిసి, మంచి ప్రతినుంచి దాన్ని మార్చుకోవచ్చు. ఈ భారాన్ని ఒక పెద్ద సంస్థ మీద వదిలేస్తే చాలని అనుకోవద్దు. 2023 అక్టోబరులో బ్రిటిష్ లైబ్రరీ మీద సైబర్ దాడి జరిగినప్పుడు, అంత గొప్ప గ్రంథాలయం అంతర్జాలంలో ఉంచిన చేతిప్రతుల చిత్రాలు నెలల తరబడి ఎవరికీ కనిపించలేదు.

చాలామంది మరచిపోయే విషయం మరొకటి ఉంది, నాకు అన్నింటికంటే దగ్గరైనది కూడా అదే. తాళ్లపాక అన్నమాచార్యుల కీర్తనలను ఆయన వంశీకులు రాగిరేకుల మీద చెక్కించారు. ఆ కాలానికి అది తాటాకు కంటే ఎంతో గట్టి సాధనం. రేకులు తిరుమల ఆలయంలో శతాబ్దాల పాటు నిలిచాయి, ఇరవయ్యో శతాబ్దంలో వెలుగుచూశాయి, వేటూరి ప్రభాకరశాస్త్రి వంటి పండితులు వాటి పరిష్కరణకు పూనుకున్నారు. రేకుల మీద ప్రతి కీర్తనకూ రాగం పేరు ఉన్నది, సాహిత్యం ఉన్నది, కానీ ఎలా పాడేవారో లేదు. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ వంటి విద్వాంసులు వాటికి కొత్తగా స్వరాలు కూర్చవలసి వచ్చింది. రాగిరేకుకు చేతకానిది డిజిటల్ సాధనానికి చేతనవుతుంది. మీ కట్టల్లో ఏదైనా హరికథో, నోమో, మంగళహారతో ఉండి, మీ ఇంట్లోనో ఊళ్లోనో దాన్ని నోటికి చెప్పగల పెద్దామె ఉంటే, కెమెరా కొనడానికి ముందే ఆమె దగ్గరకు వెళ్లండి. ఆమె చదివే తీరును, విరుపును, ఈ కట్టను ఏ పండుగనాడు తీసేవారో, ఎవరు చదివేవారో, ఎప్పుడు ఆపేశారో ఆమె మాటల్లోనే, ఆమె అనుమతితో రికార్డు చేయండి. పత్రాలు వచ్చే ఏడాదికీ ఉంటాయి, ఆమె జ్ఞాపకం ఉంటుందన్న హామీ లేదు.

ఇక అందరికీ చూపడం. శతాబ్దాల నాటి గ్రంథాలకు కాపీరైటు చిక్కు లేదు కానీ, కుటుంబపు చిక్కు ఉంటుంది. కట్టలు మీ తాతగారివి అంటే మీ పెదనాన్న పిల్లలవీ, మేనత్తల పిల్లలవీ కూడా. అందరి అంగీకారాన్నీ ఒక కాగితం మీద తీసుకోండి. జాతకాలు, దత్తత పత్రాలు, భూమి తగాదాల కాగితాలు బయటపడితే వాటి చిత్రాలు తీసి దాచండి కానీ, వెంటనే బహిరంగం చేయకండి. వైద్య గ్రంథమైతే మరికొంత ఆలోచించాలి. గాయాలు మాన్పడానికి పసుపు వాడకం మీద 1995లో అమెరికాలో పేటెంటు ఇచ్చారు. మన శాస్త్ర పారిశ్రామిక పరిశోధన మండలి పాత గ్రంథాల ఆధారాలు చూపించడంతో 1997లో దాన్ని రద్దుచేశారు. అంటే గ్రంథం నలుగురికీ తెలిసి ఉండటమే దానికి రక్షణ అయింది. అయితే పాదరసమో, నాభి అనే విషపు దుంపో కలిసిన మందును కొలతలు సరిగా చదవలేని పాఠంతో పెడితే, చూసి ఎవరైనా వండుకునే ప్రమాదం ఉంది. ఆ హెచ్చరిక ప్రతి పుట మీదా ఉండాలి.

చిత్రాలను మాత్రమే వరుసగా పేర్చి పెడితే చూసేవారు రెండు పుటలు చూసి వెళ్లిపోతారు. చిత్రం పక్కనే పాఠం, దాని కింద నేటి తెలుగులో తాత్పర్యం, వీలైతే ఒకరు చదివిన ధ్వని ఉంటే బడిపిల్లవాడు కూడా ఆగి చూస్తాడు. చిత్రాన్నీ పాఠాన్నీ పక్కపక్కన ఉంచి స్వచ్ఛంద సేవకులు దిద్దడానికి తెలుగు వికీసోర్సు మంచి వేదిక. విదేశాల్లోని తెలుగువారు కూడా రాత్రి పూట ఒక పుట చొప్పున దిద్దుతూ అక్కడ పనిచేయవచ్చు. పెద్ద గ్రంథాలయాలు వాడే ఐఐఐఎఫ్ అనే పద్ధతిలో చిత్రాలను ఉంచితే, ఒకే కావ్యపు ప్రతులు చెన్నైలో ఒకటి, తంజావూరులో ఒకటి, మీ ఇంట్లో ఒకటి ఉన్నా ఒకే తెర మీద పక్కపక్కన పెట్టి పోల్చుకోవచ్చు. మీ పదకొండు కట్టలకు దాన్ని మీరే నడపనక్కరలేదు, మూలచిత్రాలూ పట్టికా సక్రమంగా ఉంటే ఎప్పుడైనా అందులోకి మార్చవచ్చు.

కట్టలను ఇంట్లో ఉంచుకోవాలా, ఎవరికైనా ఇవ్వాలా అన్నది మీరు అడగలేదు కానీ, ఆ ప్రశ్న ఎలాగూ వస్తుంది. తిరుపతిలో శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయపు ప్రాచ్య పరిశోధన సంస్థ, హైదరాబాదులో ప్రాచ్య లిఖిత గ్రంథాలయం, మీకు దగ్గరలో రాజమహేంద్రవరంలోని గౌతమీ గ్రంథాలయం, కాకినాడలోని ఆంధ్ర సాహిత్య పరిషత్తు తాళపత్రాలున్న చోట్లు. చేతిప్రతుల కోసం కేంద్రం 2003లో ఒక జాతీయ మిషన్‌ను ప్రారంభించింది, 2025 బడ్జెట్‌లో జ్ఞానభారతం పేరుతో కోటికి పైగా చేతిప్రతుల సర్వే, సంరక్షణలను ప్రకటించింది. ఇందులో వ్యక్తుల ఇళ్లలోని సేకరణలూ చేరతాయి. ఇచ్చినా ఇవ్వకపోయినా మూలచిత్రాల ఒక ప్రతి మీ దగ్గర ఉంచుకోండి, ఇస్తే కట్టల సంఖ్యా పత్రాల సంఖ్యా రాసిన రసీదు తీసుకోండి. కొనడానికి వచ్చేవారు వస్తారు. 75 ఏళ్లు దాటిన, విలువైన చేతిప్రతి 1972 నాటి చట్టం ప్రకారం పురావస్తువు, దాన్ని దేశం దాటించడం నేరం. బొమ్మలున్న పత్రాలను విడదీసి అమ్మితే మిగిలిన కట్ట అంగహీనమవుతుంది, కనుక ఆ మాటకు తావివ్వకండి.

కోనసీమ గాలిలో వానాకాలమంతా తేమ ఎక్కువ కనుక చిత్రాల పని మార్గశిరం వచ్చాక మొదలుపెట్టండి. అప్పటిదాకా కట్టలను ఉతికిన నూలుగుడ్డలో చుట్టి, నేలకు గోడకు ఆనకుండా చెక్కబల్ల మీద, గాలి ఆడేచోట ఉంచి, వారానికొకసారి పురుగు పొడి రాలుతున్నదేమో చూడండి. ఈలోగా, కట్టల ఫొటోలు తీశాక, పత్రాల వరుస చెదరకుండా ప్రతి కట్టకూ పై పత్రం, చివరి పత్రం, మధ్యలో ఏదో ఒక పత్రపు ఎడమ అంచు, ఈ మూడింటినీ ఫోనుతో పగటి వెలుగులో తీసి పంపండి. గ్రంథం పేరు, లేఖకుని పేరు, సంవత్సరం వాటిలో ఉంటే చదివి చెబుతాను. పత్రాలు అంటుకుపోయిన కట్టలు ఏవైనా ఉంటే వాటి అంకెలు కూడా రాయండి, వాటిని విప్పవలసింది ఎవరో అప్పుడు మాట్లాడుకుందాం.